ఊరు తీసేస్తే కథ నిలుస్తుందా?
మలయాళ సినిమాపై పాఠకుల ప్రశ్నలు, జవాబులు

కేరళ సంస్కృతిని, అక్కడి మనుషుల అస్తిత్వాన్ని మలయాళ సినిమా ఇంత దగ్గరగా ఎలా పట్టుకుంటోందని గత నెల ఒక పాఠకుడు అడిగితే, చోటు చాలక నాలుగు వాక్యాల్లో జవాబు ముగించాను. అది సరిపోలేదంటూ హైదరాబాద్ నుంచీ జిల్లాల నుంచీ ఉత్తరాలు వచ్చాయి. అందులో ఏడింటిని ఎంచుకుని ఈసారి శీర్షిక మొత్తాన్ని వాటికే కేటాయిస్తున్నాను.

ప్రశ్న: మా ఇంట్లో రెండేళ్లుగా వారానికి ఒక మలయాళ సినిమా అయినా తెలుగు డబ్బింగ్‌లో చూస్తున్నాం. వాన, కాలువలు, పెంకుటిళ్లు, కొబ్బరి చెట్లు కనిపించగానే ‘ఎంత సహజంగా తీశారో’ అనుకుంటాం. ఆ పచ్చదనం కోనసీమలోనూ ఉంది కదా. మన సినిమాల్లో కోనసీమ పాటల దగ్గరే ఎందుకు ఆగిపోతోంది?
ప్రైవేటు ఉద్యోగిని, కూకట్‌పల్లి

జవాబు: పచ్చదనం కేరళ ఒక్కదాని సొత్తు కాదన్న మీ మాట నిజం. కొబ్బరి చెట్టును చూసి సహజత్వం అనుకోవడం మనం తరచూ చేసే పొరపాటు. ఒక సినిమాలో ప్రాంతం నిజంగా ఉందో లేదో తేల్చుకోవడానికి నేను పాటించే పద్ధతి ఒకటుంది. కథలోంచి ఆ ఊరిని తీసేసి చూస్తాను. అప్పటికీ కథ నడిచిపోతే ఆ ఊరు వెనకాల కట్టిన తెర మాత్రమే. కథ అక్కడికక్కడే ఆగిపోతే, ఊరే ఆ కథకు కారణమని అర్థం.

2018లో వచ్చిన ‘ఈ.మ.యౌ.’ అనే సినిమాను తీసుకోండి. లిజో జోస్ పెల్లిస్సేరి దర్శకుడు, పి.ఎఫ్. మాథ్యూస్ రచయిత. కొచ్చి దగ్గర సముద్రపు ఒడ్డున ఉన్న చెల్లానంలో, లాటిన్ క్యాథలిక్ మత్స్యకారుల మధ్య జరిగే కథ ఇది. ఏసు, మరియ, యోసేపు అనే మూడు పేర్ల పొడి అక్షరాలే ఆ సినిమా పేరు. మరణవార్తల మీద రాసే మాట అది. ఒక సాయంత్రం వావచ్చన్ అనే ముసలాయన చేతిలో బాతుతో ఇంటికొస్తాడు. రాత్రి కొడుకుతో కూర్చుని తాగుతూ, తన తండ్రి అంత్యక్రియలు ఎంత వైభవంగా జరిగాయో చెబుతాడు. నీకు అంతకన్నా ఘనంగా చేస్తానని కొడుకు మాటిస్తాడు. ఆ రాత్రే తండ్రి ప్రాణం పోతుంది. మిగిలిన సినిమా అంతా ఆ మాట నిలబెట్టుకోవడానికి కొడుకు పడే పాట్లే. మంచి శవపేటిక కావాలి, అందుకు డబ్బు కావాలి, బ్యాండు కావాలి, చర్చి ఫాదర్ ఒప్పుకోవాలి, పైన వాన ఆగదు. ఈలోగా ఊళ్లో లేచిన ఒక పుకారు చర్చి శ్మశానంలో చోటునే ప్రశ్నార్థకం చేస్తుంది. చివరికి కొడుకు తన ఇంటి ఆవరణలోనే ఒంటరిగా గొయ్యి తవ్వుతాడు. ఆ తీరం, ఆ చర్చి, అంత్యక్రియల్లోనే మనిషి పరువు ఉందన్న ఆ నమ్మకం, వీటిలో ఏ ఒక్కటి లేకపోయినా ఈ కథ మొదలే కాదు.

2023 నాటి ‘బలగం’ చూసినవారికి నేను చెబుతున్నది వెంటనే అందుతుంది. చనిపోయిన పెద్దాయన కోసం పెట్టిన ముద్దను కాకి ముట్టకపోవడమే ఆ కథకు ఆయువుపట్టు. ఆ నమ్మకం లేని దేశంలో అది కథే కాదు. మీరు ప్రస్తావించిన కోనసీమ విషయానికి వస్తే, అక్కడి కొబ్బరి దింపు కార్మికుడి కూలికి సంబంధించినదో, వరదకు సంబంధించినదో, కువైట్‌కు పనికి వెళ్లిన తల్లికి సంబంధించినదో ఒక చిక్కు కథలో ఉంటే, పాట చిత్రీకరణ పూర్తికాగానే కెమెరా వెనక్కి వచ్చేయలేదు. చిక్కు లేనిచోట మిగిలేది అందం ఒక్కటే, అందానికి పాట చాలు.

ప్రశ్న: ఇది ఇటీవలి కొత్త తరం దర్శకులు తెచ్చిన మార్పా, లేక మొదటి నుంచీ ఉన్నదా? ఇంత బలమైన స్థానిక దృష్టి వారికి ఎక్కడి నుంచి వచ్చింది?
విశ్రాంత ఉపాధ్యాయుడు, హన్మకొండ

జవాబు: మొదట సాహిత్యం నుంచి, ఆపైన నాటకం నుంచి, ఆ రెంటినీ ఊరూరికీ చేర్చిన గ్రంథాలయాల నుంచి వచ్చింది. కేరళ రాష్ట్రం, మన ఆంధ్రప్రదేశ్ ఒకే రోజున, 1956 నవంబరు 1న ఏర్పడ్డాయి. అంతకుముందు మలయాళం మాట్లాడే జనం తిరువితాంకూరు, కొచ్చి సంస్థానాల్లోనూ, మద్రాసు రాష్ట్రంలో భాగమైన మలబారులోనూ విడివిడిగా ఉండేవారు. మూడు పాలనల కింద బతికిన ప్రజలు తాము ఒక్కటేనని చెప్పుకోవడానికి భాష తప్ప వేరే ఆధారం లేని కాలంలో, ఆ పని చాలావరకు రచయితలు చేశారు.

రాష్ట్రం రావడానికి రెండేళ్ల ముందే, 1954లో, రాము కార్యాట్, పి. భాస్కరన్ కలిసి ‘నీలక్కుయిల్’ తీశారు. ఉరూబ్ కథ. నీలి అనే దళిత యువతిని ప్రేమించి, గర్భవతి అయ్యాక కులభయంతో వదిలేసిన నాయర్ బడిపంతులు ఒకరు. ఆమె చనిపోతే ఊరంతా కాదన్న ఆ బిడ్డను తీసుకెళ్లి పెంచిన నాయర్ పోస్ట్‌మాన్ మరొకరు. ఆ పోస్ట్‌మాన్ పాత్రను భాస్కరనే వేశారు. అప్పటిదాకా మలయాళ సినిమా పాటలు ఎక్కువగా హిందీ, తమిళ బాణీల మీదే ఆధారపడేవి. సంగీత దర్శకుడు కె. రాఘవన్ ఈ సినిమాకు మలబారు ముస్లింల మాప్పిళ పాటల ఒరవడినీ, జానపదుల బాణీలనూ తెచ్చారు. ఒక భాషా సమాజం తన గొంతును తాను విన్న సందర్భంగా దీన్ని నేను భావిస్తాను.

నాటకరంగంలో కేపీఏసీ అనే ప్రజా నాటక సంస్థ 1952లో వేసిన ‘నింగళెన్నె కమ్యూనిస్టాక్కి’ ఊరూరా తిరిగింది. మన ప్రజానాట్యమండలి సంగతి తెలిసిన మీకు దీని గురించి ఎక్కువ చెప్పనక్కర్లేదు. పి.ఎన్. పణిక్కర్ వంటివారు 1945 నుంచి గ్రంథాలయాలను ఒక సంఘంగా కూడగట్టారు. గ్రంథాలయోద్యమంలో మనం వెనకబడినవాళ్లం కాదు. హైదరాబాద్‌లో శ్రీకృష్ణదేవరాయాంధ్ర భాషా నిలయం 1901లోనే వెలిసింది. అయితే ఆ చదువరులు మన దగ్గర సినిమాను కొంచెం దూరంగానే ఉంచారు. కేరళలో నవల చదివినవారే మర్నాడు దాని మీద తీసిన సినిమాకు వెళ్లి, నవలతో పోల్చి తగవు పెట్టుకున్నారు. తకళి శివశంకర పిళ్లై నవల ఆధారంగా 1965లో వచ్చిన ‘చెమ్మీన్’ ఆ తరానికి పతాక. సముద్రం మీదికి వెళ్లిన భర్త క్షేమం ఒడ్డున ఉన్న భార్య శీలం మీద ఆధారపడి ఉంటుందని, తప్పితే కడలమ్మ ఊరుకోదని నమ్మే మత్స్యకారుల మధ్య కరుత్తమ్మ అనే అమ్మాయి కథ అది. రాష్ట్రపతి స్వర్ణ పతకం దక్షిణాదిన మొదట దానికే దక్కింది. దానికి ఛాయాగ్రాహకుడు ‘మాయాబజార్’లో మనకు వెన్నెల చూపించిన మార్కస్ బార్‌ట్లీ అని తెలుగువారికి గుర్తుచేయడం నాకు ఇష్టం.

సరిగ్గా అదే 1965లో అదూర్ గోపాలకృష్ణన్, ఆయన మిత్రులు తిరువనంతపురంలో చిత్రలేఖ ఫిల్మ్ సొసైటీ పెట్టారు. ఏడేళ్లకు అదూర్ తీసిన ‘స్వయంవరం’లో నటనకు జాతీయ ఉత్తమ నటి పురస్కారం అందుకున్నది తెనాలి అమ్మాయి, మన శారద. కాబట్టి కొత్త తరం ఖాళీ నేల మీద ఇల్లు కట్టలేదు. తాతలు వేసిన పునాది దానికి ఉంది.

ప్రశ్న: మా తెలంగాణ మాటను సినిమాల్లో చాలా కాలం హాస్యగాడికో, రౌడీకో ఇచ్చారు. ‘శుద్ధమైన’ భాష మాత్రం నాయకుడిది. మలయాళంలో ఇలాంటి వివక్ష ఉండేదా? లేక వారికి యాసల తేడాలే తక్కువా?
చిరువ్యాపారి, మలక్‌పేట

జవాబు: తేడాలు తక్కువేమీ కాదు, వివక్ష లేకపోలేదు. తిరువనంతపురం వాడు మాట్లాడితే కాసరగోడు వాడు చెవి రిక్కించి వినాల్సి వస్తుంది. త్రిశ్శూరు మాటకు ఒక ఊపు ఉంది. మలప్పురం ముస్లింల మలయాళంలో అరబ్బీ మాటలు కలగలిసి ఉంటాయి. కొచ్చి తీరంలో క్రైస్తవ మత్స్యకారుల మాట మళ్లీ వేరు. ఇంత వైవిధ్యం ఉన్నా, భారతప్పుళ నది పక్కన ఒట్టప్పాలం చుట్టుపక్కల ఉండే వళ్లువనాడు పలుకుబడి, దానిలోనూ నాయర్ ఇళ్ల పలుకుబడి, దశాబ్దాల పాటు సినిమాకు ‘మంచి మలయాళం’గా చలామణి అయింది. ఆ ప్రాంతం వాడైన ఎం.టి. వాసుదేవన్ నాయర్ కథలూ స్క్రీన్‌ప్లేలూ ఎంత గొప్పవంటే, వాటి వెంట వచ్చిన భాష కూడా ప్రమాణమైపోయింది. తప్పు ఆయనది అనలేం. ఆయన తన ఊరి మాటే రాశారు. ఆ మాటను కేరళ మొత్తానికి అంటగట్టింది ఆయన తర్వాతి పరిశ్రమ. తిరువనంతపురం యాస, మలబారు ముస్లింల మాట మాత్రం నవ్వించడానికి పనికివచ్చేవి. మీరు చెప్పిన బాధ వారిదీ.

2005లో ‘రాజమాణిక్యం’లో మమ్ముట్టి వంటి పెద్ద తార సినిమా అంతటా తిరువనంతపురం యాసే మాట్లాడారు. 2010లో ఆయనే త్రిశ్శూరు వ్యాపారిగా అక్కడి మాట మాట్లాడారు. రెండింటిలోనూ యాస హాస్యాన్ని పండించిన మాట నిజమే కానీ, నవ్వు నాయకుడి వైపు నుంచి వచ్చింది, నాయకుడి మీదికి పోలేదు. ఆ తర్వాతి పదేళ్లలో యాస గురించి ఎవరూ ప్రత్యేకంగా చెప్పుకోనవసరం లేనంతగా అది మామూలైంది. 2017 నాటి ‘తొండిముతలుం దృక్సాక్షియుం’లో కులం వేరైనందుకు ఊరు విడిచిన దక్షిణ కేరళ జంట, ఉత్తరాన కాసరగోడు జిల్లాలో స్థిరపడుతుంది. బస్సులో ఆమె మెడలోని గొలుసు పోతుంది. కథ పోలీస్ స్టేషన్‌లో తిష్ఠ వేస్తుంది. అక్కడి పోలీసు పాత్రల్లో చాలావరకు నిజమైన పోలీసులే నటించారు. దక్షిణాది మాటా ఉత్తరాది మాటా ఆ స్టేషన్ బల్లకు అటూ ఇటూ కూర్చుంటాయి. సొంత రాష్ట్రంలోనే పరాయివాళ్లుగా ఉండటం ఎలా ఉంటుందో సంభాషణ వినిపిస్తుంది, వివరించదు.

నాకు మరీ ఇష్టమైనది 2018 నాటి ‘సుడానీ ఫ్రమ్ నైజీరియా’. మలప్పురంలో సెవెన్స్ అనే ఏడుగురు ఆటగాళ్ల ఫుట్‌బాల్‌కు ఉన్న పిచ్చి అంతా ఇంతా కాదు. ఆఫ్రికా నుంచి ఆటగాళ్లను రప్పించుకుంటారు. అలా వచ్చిన నైజీరియా యువకుడు దెబ్బ తగిలి, జట్టు నడిపే మజీద్ ఇంట్లో మంచాన పడతాడు. ఊళ్లో అతణ్ణి అందరూ ‘సుడానీ’ అంటారు. నైజీరియా వేరే దేశమని ఎవరికీ పట్టదు. మజీద్ తల్లి, పొరుగింటి పెద్దావిడ అతనికి తమ మలప్పురం మాటలోనే అన్నీ చెబుతారు. అతనికి ఒక్క ముక్క రాదు. వాళ్లు ఆపరు. అన్నం పెడతారు, కసురుతారు, కష్టసుఖాలు చెప్పుకుంటారు. ఒకప్పుడు తెరమీద నవ్వులాటకు వాడిన మాట ఇక్కడ ఖండాంతరం నుంచి వచ్చిన బిడ్డను ఓదార్చే మాట అయింది.

మీరు దీన్ని తెలుగు డబ్బింగ్‌లో చూసి ఉంటే ఈ తేడా మీదాకా వచ్చి ఉండదు. డబ్బింగ్‌లో కాసరగోడు, కొల్లం ఒకే తెలుగు మాట్లాడతాయి. మలయాళ ధ్వనితో, సబ్‌టైటిళ్లతో చూడమని మనవి. అర్థం కాకపోయినా, ఇద్దరు మనుషులు ఒకేలా మాట్లాడటం లేదని చెవికి తెలుస్తుంది.

ప్రశ్న: మలయాళ సినిమా చూపించే కేరళ ఎవరి కేరళ? తరవాడు ఇళ్లు, ఓణం, కథకళి అనగానే అది ఒక వర్గం జ్ఞాపకమే కదా?
పరిశోధక విద్యార్థిని, తార్నాక

జవాబు: ఈ ప్రశ్న అడిగినందుకు మీకు ధన్యవాదాలు. పొగడ్తలతో నిండిన ఉత్తరాల మధ్య దీని అవసరం ఉంది.

మలయాళంలో తొలి సినిమా జె.సి. డేనియల్ తీసిన ‘విగతకుమారన్’ అనే మూకీ. అందులో నాయర్ స్త్రీ పాత్ర వేసిన పి.కె. రోజీ దళిత మహిళ. దళిత స్త్రీ తెరమీద పైకులపు స్త్రీగా కనిపించడాన్ని సహించలేనివారు తిరువనంతపురంలో ప్రదర్శన సమయంలో గొడవకు దిగారు. ఆమె ఊరొదిలి తమిళ దేశానికి పారిపోవాల్సి వచ్చింది. ఆ తర్వాత ఆమె ఏ సినిమాలోనూ నటించలేదు. ఆ సినిమా ప్రతి కూడా మిగల్లేదు. డేనియల్ పేరిట కేరళ ప్రభుత్వం 1992లో పురస్కారం నెలకొల్పింది కానీ, రోజీ గురించి జనం మాట్లాడుకోవడానికి ఇంకా చాలా ఏళ్లు పట్టింది. మలయాళ సినిమా చరిత్ర తన మొదటి నాయికను తరిమేయడంతో మొదలైందన్న సంగతి మరవకుండానే మిగతావన్నీ మాట్లాడుకోవాలి.

తరవాడు గురించి మీరన్నది సగం ఒప్పుకుంటాను. తరవాడు అంటే తల్లి వైపు నుంచి వంశం, ఆస్తి నడిచే ఉమ్మడి ఇల్లు. పెత్తనం మాత్రం మేనమామది. భూసంస్కరణలు 1970 జనవరి 1 నుంచి అమలులోకి వచ్చాక, 1975లో ఉమ్మడి కుటుంబాల రద్దు చట్టం కూడా చేశాక, ఆ ఇళ్లకు ఆధారం పోయింది. అదూర్ 1981లో తీసిన ‘ఎలిప్పత్తాయం’ ఆ శిథిలావస్థను ఎక్కడా జాలి పడకుండా చూపించింది. పేరుకు అర్థం ఎలుకల బోను. ఇంటి పెద్దగా మిగిలిన ఉణ్ణి గుమ్మం దాటడానికి జంకుతాడు, చెల్లెలు చాకిరీ చేస్తుంటే తింటూ కూర్చుంటాడు. బోనులో పడ్డ ఎలుకను చిన్న చెల్లెలు తీసుకెళ్లి చెరువులో ముంచుతుంది. ఆఖరున జనం ఉణ్ణిని కూడా ఇంట్లోంచి లాక్కొచ్చి అదే చెరువులో పడేస్తారు. తరవాడు మీద ఇంతకన్నా కఠినమైన విమర్శ నేను చూడలేదు. కానీ అది కూడా ఆ ఇంటి లోపలి నుంచి చెప్పిన కథే. ఇక్కడ మనకు గర్వపడే విషయం ఒకటుంది. బి. నర్సింగరావు 1988లో తెలంగాణ గడీ మీద ‘దాసి’ తీసినప్పుడు, దొర వైపు నుంచి కాక, గడీలో ఊడిగం చేసే ఆడమనిషి వైపు నుంచి చూశారు.

మలయాళంలో ఆ చూపు రావడానికి ఆలస్యమైంది. మధ్యలో 1990లలో వెనకడుగు కూడా పడింది. ‘దేవాసురం’, ‘ఆరాం తంపురాన్’ వంటి సినిమాలు జమీందారు మీసాన్ని మళ్లీ వీరత్వంగా నిలబెట్టాయి. ఒట్టప్పాలం దగ్గరి వరిక్కాశ్శేరి మన అనే పాత నంబూద్రి ఇల్లు ఆ కథలకు అచ్చొచ్చిన చిత్రీకరణ స్థలమైంది. చట్టం తీసేసిన పెత్తనాన్ని సినిమా తిరిగి ఇచ్చిందని నేను అనుకుంటాను. ఆ బాకీని కొంత తీర్చింది రాజీవ్ రవి 2016లో తీసిన ‘కమ్మట్టిపాడం’. కొచ్చి నగరం పెరగడానికి మాగాణి పూడ్చుకుంటూ పోతే, ఆ నేల మీద తరతరాలుగా ఉన్న దళితులు తమవాళ్లనే ఖాళీ చేయించే రౌడీలుగా మారిన వైనం అందులో ఉంది. గంగ పాత్రకు వినాయకన్ రాష్ట్ర ఉత్తమ నటుడయ్యారు. హైదరాబాద్ చెరువుల శిఖం భూముల మీద లేచిన కాలనీల్లో బతుకుతున్న మనకు ఆ సినిమా పరాయిది కాదు.

స్త్రీల విషయం తెరమీదకన్నా తెర వెనకే ఎక్కువ పోరాటంగా నడిచింది. 2017లో ఒక నటి మీద జరిగిన దాడి తర్వాత నటీమణులు, సాంకేతిక నిపుణులు సంఘం కట్టి అడిగితే, విశ్రాంత న్యాయమూర్తి కె. హేమ అధ్యక్షతన ప్రభుత్వం కమిటీ వేసింది. అందులో ఒక సభ్యురాలు శారద. నివేదిక 2019 డిసెంబరులో ప్రభుత్వానికి చేరింది, 2024 ఆగస్టులో గాని బయటికి రాలేదు. తెరమీద ఎంత సున్నితమైన కథలు చెప్పినా, సెట్లో ఆడవాళ్లకు భద్రత లేని పరిశ్రమను ఆదర్శంగా చూపడానికి నాకు మనసొప్పదు.

ప్రశ్న: ఆ సినిమాల్లో ఎప్పుడూ ఎవరో ఒకరు తింటూనో వండుతూనో ఉంటారు. ఇది కూడా సంస్కృతిలో భాగమేనా?
గృహిణి, సికింద్రాబాద్

జవాబు: అవును. తిండి అక్కడ మతాన్నీ జిల్లానీ నోరు విప్పకుండా చెబుతుంది. కోళిక్కోడు బిర్యానీ, సులైమానీ చాయ్ ఒక వర్గాన్ని, అంగమాలి పంది మాంసం మరో వర్గాన్ని పరిచయం చేస్తాయి. అయితే 2021లో జియో బేబీ తీసిన ‘ది గ్రేట్ ఇండియన్ కిచెన్’ ఆ వంటను వండేవారి వైపు తిప్పింది. తిన్నాక మగవాళ్లు బల్ల మీద వదిలిన మునక్కాడ పిప్పి, కారుతున్న సింకు గొట్టం, కుక్కర్లో కాక కట్టెల పొయ్యి మీదే అన్నం వండాలనే మామగారి మృదువైన కోరిక: కథ అంతా వీటితోనే నడుస్తుంది. నేపథ్యంలో శబరిమల స్త్రీ ప్రవేశ తీర్పు నాటి వాతావరణం ఉంది. మాల ధరించే ఇళ్లు మన దగ్గరా ఎన్నో ఉన్నాయి కనుక, తెలుగు గృహిణులకు ఇది అనువాదం అక్కర్లేని సినిమా.

ప్రశ్న: మా ఆయన పదకొండేళ్లుగా దుబాయిలో ఉన్నారు. గల్ఫ్‌కు పోయినవాళ్ల మీద మలయాళంలో మంచి సినిమాలున్నాయని విన్నాను. అవి మా బతుకులకు దగ్గరగా ఉంటాయా?
బీడీ కార్మికురాలు, జగిత్యాల

జవాబు: అమ్మా, చాలా దగ్గరగా ఉంటాయి. జగిత్యాల, సిరిసిల్ల, నిజామాబాద్ పల్లెల నుంచి వెళ్లినవారి లాగే, మలబారు నుంచి వెళ్లినవారి డబ్బుతోనే అక్కడి ఇళ్లు లేచాయి. మలయాళ సినిమా ఈ విషయాన్ని 1980లోనే ‘విల్క్కానుండు స్వప్నంగళ్’తో పట్టుకుంది. అప్పటి నుంచి గల్ఫ్ మనిషి కేరళ ఇంటి మనిషిగానే ఉన్నాడు. కేరళ గుర్తింపులో కొంత భాగం కేరళ బయటే తయారైందని ఆ సినిమాలు ఒప్పుకున్నాయి.

2015లో సలీం అహమ్మద్ తీసిన ‘పత్తేమారి’ మొదట చూడండి. పత్తేమారి అంటే సరుకులు మోసే పెద్ద తెరచాప పడవ. విమానాల కాలానికి ముందు, కాగితాలు లేకుండా ఆ పడవల్లో వెళ్లి, ఒడ్డు కనబడగానే సముద్రంలో దూకి ఈదుకుంటూ ఖోర్ ఫక్కాన్ తీరం చేరిన తొలి తరం వాళ్ల కథ. మమ్ముట్టి వేసిన నారాయణన్ జీవితమంతా గల్ఫ్‌లో గడిపి, ఇంటికి డబ్బు పంపుతూనే ఉంటాడు. సెలవుపై వచ్చిన ప్రతిసారీ మళ్లీ వెళ్లాల్సిన అవసరమే అతనికోసం కాచుకుని ఉంటుంది. ఇంటికి ఫోన్ చేసినప్పుడు తన ఒంట్లో బాగోలేని సంగతి చెప్పని మగవాళ్లు మీ వాడలోనూ ఉండే ఉంటారు. 2011 నాటి ‘గద్దామా’ సౌదీలో ఇంటిపనికి వెళ్లిన ఆడమనిషి కథ. కడప, గోదావరి జిల్లాల నుంచి కువైట్‌కు వెళ్లే అక్కచెల్లెళ్లు ఈ మాటను ఎరుగుదురు. 2024లో వచ్చిన ‘ఆడుజీవితం’ బెన్యామిన్ నవల ఆధారంగా బ్లెస్సీ తీసినది. ఎడారిలో మేకల మంద దగ్గర బానిసగా చిక్కిన నజీబ్ కథ కనుక, ఒంటరిగా ఉన్నప్పుడు మాత్రం చూడకండి, ఇంట్లో మరెవరైనా ఉన్నప్పుడు చూడండి.

మన తెలుగులో ఈ కథలు అరుదుగానే వచ్చాయి. ఇంతమంది వెళ్లిన తెలంగాణకు, ఇన్ని ఎదురుచూపులున్న ఇళ్లకు, తనదైన ఒక గొప్ప గల్ఫ్ సినిమా ఇంకా బాకీ ఉందని నా అభిప్రాయం. మీరు మీవారి ఉత్తరాలు, ఫోన్ మాటలు రాసి పెట్టుకోండి. అలాంటి కథ రాయబోయేవారికి అవే ముడిసరుకు.

ప్రశ్న: స్థానికతే ప్రాణమైతే మలయాళ సినిమాల తెలుగు రీమేకులు ఎలా సాధ్యమవుతున్నాయి? కొత్తగా చూడాలనుకునేవారు దేనితో మొదలుపెట్టాలి?
ఇంజినీరింగ్ విద్యార్థి, దిల్‌సుఖ్‌నగర్

జవాబు: ఊరిని తీసేసి, ఆ చోట మరో ఊరిని పెట్టినప్పుడు సాధ్యమవుతున్నాయి. తీసేసి ఏమీ పెట్టనప్పుడు కథ వెలవెలబోతోంది.

2016 నాటి ‘మహేషింటె ప్రతికారం’లో ఇడుక్కి కొండల్లోని ఒక చిన్న ఫొటో స్టూడియో యజమాని, నలుగురిలో తన్నులు తిని, పగ తీర్చుకునేదాకా చెప్పులు తొడగనని ఒట్టు పెట్టుకుంటాడు. అందరూ అందరినీ ఎరిగిన చిన్న కూడలిలోనే అలాంటి అవమానానికీ అలాంటి ఒట్టుకూ అర్థం ఉంటుంది. 2020లో వెంకటేష్ మహా దాన్ని ‘ఉమామహేశ్వర ఉగ్రరూపస్య’గా అరకుకు తెచ్చారు, కొండకు బదులు కొండ, కూడలికి బదులు కూడలి దొరికాయి కనుక కథ నిలబడింది. ‘అంగమాలి డైరీస్’లో 86 మంది కొత్త నటులతో, పంది మాంసం వ్యాపారం చుట్టూ, ఒక క్రైస్తవ పట్టణం పొగరూ పండగా కనిపిస్తాయి. విష్వక్ సేన్ 2019లో దాన్ని ‘ఫలక్‌నుమా దాస్’గా మన పాతబస్తీకి తెచ్చి, వ్యాపారాన్ని మేక మాంసంగా మార్చారు. ఎక్కడెక్కడ హైదరాబాద్ తన మాట తాను మాట్లాడిందో అక్కడ సినిమా లేచి నిలబడింది. మూలాన్ని దృశ్యానికి దృశ్యంగా అనుసరించినచోట మాత్రం నాకు అరువు వాసన తగిలింది.

2020 నాటి ‘అయ్యప్పనుం కోషియుం’ కథ అట్టప్పాడి అనే ఆదివాసీ ప్రాంతంలో మద్యనిషేధం ఉండటం వల్లే పుట్టింది. కారులో సీసాలతో దొరికిన ధనికుడికీ, పట్టుకున్న పోలీసుకూ మధ్య పంతం అది. ఇరుళ భాషలో నంజియమ్మ పాడిన పాట ఆ నేలను సినిమాలోకి తెచ్చింది. ఆమెకు జాతీయ ఉత్తమ గాయని పురస్కారం వచ్చింది. తెలుగులో ‘భీమ్లా నాయక్’గా వచ్చినప్పుడు తారల బలం ముందు ఆ నేల వెనక్కి తగ్గిందని నేను అంటాను. కానీ దాని టైటిల్ పాటలో కిన్నెర మొగులయ్య గొంతు వినిపించగానే, మన నల్లమల ఒక్కసారి లోపలికి వచ్చింది. వెతికితే మన దగ్గరా నంజియమ్మ ఉందని ఆ కొద్ది క్షణాలే చెప్పాయి.

మొదలుపెట్టడానికి మీ వయసుకు తగినది ‘ప్రేమలు’. 2024లో వచ్చింది, జరిగేది హైదరాబాద్‌లోనే. గేట్ కోచింగ్‌కూ ఐటీ ఉద్యోగాలకూ వచ్చిన మలయాళీ పిల్లలు మన నగరాన్ని ఎలా చూస్తారో, మన రోడ్లు, మన పెళ్లిళ్లు, మన హాస్టల్ గదులు పరాయి కంటికి ఎలా కనిపిస్తాయో అందులో ఉంది. తెలుగు డబ్బింగ్ హుషారుగానే ఉంది, కానీ అందులో అందరూ తెలుగువాళ్లే అయిపోయి, భాష రాని ఊళ్లో ఉన్నామన్న బెరుకు మాయమైంది. కనుక మలయాళంలోనే చూడండి. తర్వాత ‘మహేషింటె ప్రతికారం’, ‘సుడానీ’, అటుపైన తీరిక ఉన్న రాత్రి ‘ఎలిప్పత్తాయం’. మీ హాస్టల్లో కొట్టాయం వాడో కన్నూరు వాడో ఒకరు ఉండకపోరు. పక్కన కూర్చోబెట్టుకుని, తెరమీద ఎవరు నోరు తెరిచినా ‘ఇది ఏ జిల్లా మాట?’ అని అడగండి. తన జిల్లా మాట వినబడగానే అతను మీరు అడిగేదాకా ఆగడు.